కలాంచో రెండేళ్లుగా ఆకులే వేస్తోంది, మొగ్గ లేదు. ఎక్కడ తప్పు చేస్తున్నాను?

రెండో అంతస్తు బాల్కనీ, విజయనగరం
సెప్టెంబరు 21

అందరికీ నమస్కారం. మొన్నటి జనవరి కాదు, ఆ ముందు జనవరిలో కడియం నుంచి మొక్కలేసుకుని వచ్చే ట్రాలీ ఆటో మా వీధిలో ఆగింది. నారింజ రంగుది ఒకటి, గులాబీ రంగుది ఒకటి, రెండు కలాంచోలు బేరమాడి 280 రూపాయలకి తెచ్చుకున్నాను. ఆకు కనపడనంత పువ్వు. నెలన్నర కళకళలాడాయి. వాడాక పూకాడలు కత్తిరించేశాను. అంతే, మళ్లీ ఒక్క మొగ్గ లేదు. మొక్క చచ్చిపోయుంటే పోన్లే అని ఊరుకుందును. కానీ అది బ్రహ్మాండంగా ఉంది! ఆకులు నా అరచేయంత, ముదురాకుపచ్చగా నిగనిగలాడుతున్నాయి.

ఇప్పటిదాకా పెట్టినవన్నీ చెప్తాను, నవ్వకండి. ఆవుపేడ ఎరువు, ఉల్లితొక్కల నీళ్లు, గుడ్డు పెంకుల పొడి, బియ్యం కడిగిన నీళ్లు. ఎవరో చెబితే పోయిన నెల చిటికెడు డీఏపీ కూడా వేశాను. మా అత్తయ్యగారు "ఏటమ్మా, పసిబిడ్డకి పెట్టినట్టు పూటకోటి పెడతన్నావు" అంటున్నారు.

ఇవి కాక బాల్కనీలో ఒక అడీనియం, తామరపువ్వులా ఉండే ఎచెవేరియా, ఒక జేడ్, కలబంద ఉన్నాయి. ఏదీ పూయదు. బాల్కనీ తూర్పు ముఖం, పది, పదిన్నర దాకా ఎండ వస్తుంది. నేను ఉద్యోగం నుంచి వచ్చేసరికి ఐదున్నర. మొక్కల పని ఆ తర్వాతే. ఇల్లు ఇరుకు, అందుకని భోజనాలు, పిల్లాడి చదువు, కబుర్లు అన్నీ బాల్కనీలోనే, పదకొండు దాకా. పువ్వు ఉంటే ఎంత బాగుండును అనిపించేది అప్పుడే. రెండు ఫొటోలు పెడుతున్నాను.

మేడ మీద తోట
సెప్టెంబరు 21

అరటితొక్కలు మూడు రోజులు నానబెట్టి ఆ నీళ్లు పొయ్యండి అక్కా. పొటాష్ అందుతుంది. నా మందారాలు దాంతోనే విరగబూశాయి.

ఆదివారం తోటమాలి
సెప్టెంబరు 22

నా సలహా వింటే అందరూ తిడతారు గానీ, కలాంచోని పూలగుత్తిలా చూడండి. జనవరిలో 150 పెట్టి కొనుక్కోవడం, పూత అయ్యాక వదిలెయ్యడం. దానికోసం ఏడాదంతా నీళ్లు మోసేవాళ్లని నేను చూడలేదు.

పాత లైన్‌మాన్, ఉద్దానం
సెప్టెంబరు 22

అమ్మా, మీ రెండో ఫొటో పెద్దది చేసి చూశాను. కుండీ నీడ గోడ మీద అంచు గీసినట్టు నల్లగా పడింది. ఆ ఫొటో రాత్రి తీశారు, నెత్తి మీద తెల్ల ఎల్ఈడీ ఉంది. బల్బుకి, కుండీకి మధ్య నాలుగడుగులు కూడా లేదు. మీ మొక్క జబ్బు అదే. ఉల్లితొక్కలు తక్కువై కాదు, అరటితొక్కలు వెయ్యకా కాదు.

నేను 33 ఏళ్లు స్తంభాలెక్కినవాణ్ణి. ఊరికి వెలుతురు ఇవ్వడమే నా ఉద్యోగం. పైగా అరసవల్లి సూర్యనారాయణుడి జిల్లా మాది. అలాంటివాణ్ణి మొక్కకి చీకటి పెట్టండి అని ఎందుకు అంటున్నానో కొంచెం పెద్ద కథ, ఓపిక ఉంటే చదవండి.

2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటింది. ఉద్దానంలో కొబ్బరి, జీడి తోటలు ఎలా పడుకున్నాయో చూసినవాళ్లకి నేను చెప్పక్కర్లేదు. స్తంభాలు వేలల్లో కూలాయి. రోజుల తరబడి ఇంటికి బట్టలు మార్చుకోవడానికే వచ్చేవాణ్ణి. మెల్లగా ఊళ్లకి కరెంటు వచ్చింది, మా ఇంటికీ వచ్చింది. మా గేటు ముందు వీధిలైటు మాత్రం వెలగలేదు. దాని చెయ్యి విరిగిపోయింది. లైన్‌మాన్ తన ఇంటి ముందు ముందు వేయించుకున్నాడన్న మాట ఎందుకని నేనే దాన్ని ఆఖరికి నెట్టాను. సంక్రాంతి వెళ్లాక గానీ వెలగలేదు.

మా ఆవిడ కలాంచో ఆ గేటు పక్క అరుగు మీద ఉండేది. నాలుగేళ్ల మొక్క, పువ్వన్నది ఎరగదు. తుపానుకి కుండీ దొర్లి ఒక పక్క కొమ్మలు విరిగాయి కూడా. డిసెంబరు మొదట్లో ఒక పొద్దున్న "ఇదేటి, దీనికి గసగసాలు పట్టాయి" అని పిలిచింది. వెళ్లి చూద్దును కదా, చివరాకుల మధ్య నుంచి ఒక కాడ లేచింది. దాని కొసన గసగసాలు అంటించినట్టు పచ్చటి మొగ్గలు. సంక్రాంతికి ఎర్రగా పూసింది. తుపాను వాన నీటిలో ఏదో బలం ఉందనుకున్నాం. మరుసటి ఏడు లైటు ఉంది, పువ్వు లేదు. అప్పుడు తగిలింది అనుమానం. ఆ పై ఏడు దాని కొమ్మలతో వేసిన రెండు కుండీల్లో ఒకటి అరుగు మీదే ఉంచి, రెండోది పెరట్లో బావి పక్కకి మార్చాను. బావి పక్క బల్బు లేదు. బావి పక్కది పూసింది. అరుగు మీదది ఆకులేసుకుంటూ కూర్చుంది. ఎరువు రెండిటికీ ఒకటే, నీళ్లూ ఒకటే.

సంగతి ఏమిటంటే, ఈ మొక్క రాత్రిని లెక్కపెట్టుకుంటుంది. మధ్యలో వెలుగు పడకుండా ఏకబిగిన 12 గంటలు దాటి చీకటి దొరకాలి. అలా వారాల తరబడి దొరికితే ఆకు పని ఆపి మొగ్గకి తిరుగుతుంది. పూల కోసం పెంచే నర్సరీల వాళ్లు రోజుకి 14 గంటల చొప్పున ఆరు వారాలు చీకటి ఇస్తారు. మన జిల్లాల్లో డిసెంబరు రాత్రి దానంతటదే 13 గంటలు ఉంటుంది, కాబట్టి చెడగొట్టకపోతే చాలు. మీరేమో పొద్దుగూకాక పదకొండు దాకా లైటు కింద భోజనాలు చేస్తున్నారు. దాని లెక్కలో మీ బాల్కనీలో శీతాకాలం రానేలేదు, ఇంకా మే నెలే.

మిమ్మల్ని చీకట్లో భోంచెయ్యమనను. ఇలా చెయ్యండి. దసరా వెళ్లనిచ్చి మొదలుపెట్టండి. ముందే మొదలుపెడితే రాత్రిళ్లు ఇంకా ఉక్కగా ఉంటాయి, ఉక్కలో మొగ్గ ఆలస్యం అవుతుంది. సాయంత్రం ఐదున్నరకి ఇంటికొస్తారు కదా, రాగానే కుండీ మీద అట్టపెట్టె బోర్లించండి. పొద్దున్న ఏడున్నరకి తియ్యండి. పాలిథిన్ కవరు మాత్రం వద్దు, లోపల చెమట పట్టి ఆకు కుళ్లుతుంది. మొగ్గ వచ్చిందేమో అని రాత్రి పెట్టె ఎత్తి ఫోను లైటు కొట్టి చూడకండి, ఆ పని చేసే నేను ఒక ఏడాది పోగొట్టుకున్నాను. పగలు మాత్రం ఎండ బాగా తగలాలి. చీకటి పెట్టమన్నారు కదా అని రోజంతా గదిలో పెడితే కాడలు సాగి పాలిపోతుంది. ఆరు వారాలు అయ్యాక, మొగ్గ కంటికి కనపడ్డాక పెట్టె మానెయ్యొచ్చు. అక్కడి నుంచి పువ్వు విచ్చడానికి ఇంకో నెల, నెలన్నర. సంక్రాంతికి అందకపోతే రథసప్తమికి అందుతుంది.

ఇక ఎరువు. డీఏపీలో నత్రజని 18 పాళ్లు, భాస్వరం 46. చిటికెడు అన్నారు కాబట్టి ఫర్వాలేదు. కానీ పేడ ఎరువు, బియ్యం కడుగు, డీఏపీ అన్నీ కలిస్తే అరచేయంత ఆకు రాక ఏమవుతుంది? సెప్టెంబరు నుంచి అన్నీ ఆపండి. నీళ్లు కూడా పైమట్టి రెండు అంగుళాలు ఎండాకే. మట్టి బరువుగా ఉంటే వచ్చే వేసవి చివర మార్చండి, ఇప్పుడు కదపకండి, కుండీ మారిస్తే మొక్క ముందు వేరు చూసుకుంటుంది. నేను నాగావళి ఇసుక సగం, మిగతా సగంలో పాత ఎరువు, చితక్కొట్టిన ఇటుక ముక్కలు వేస్తాను. మా ఊళ్లో కొబ్బరిపొట్టు ఊరికే దొరుకుతుంది గానీ ఈ మొక్కకి ఎక్కువ వెయ్యను, వానల్లో నాలుగు రోజులు తడి వదలదు.

మీ మిగతా మొక్కలకి ఈ చీకటి వైద్యం చెయ్యకండి, వాటి లెక్కలు వేరు.

అడీనియంకి ఎండ చాలడం లేదు. పొద్దుటి మూడు గంటల ఎండకి అది బతుకుతుంది, పూయదు. మేడ మీదకి మీకు హక్కు ఉంటే అక్కడికి ఎక్కించండి, మన మే నెల ఎండ కూడా దానికి లెక్క కాదు. చలికాలంలో నీళ్లు బాగా తగ్గించండి, ఆకు రాల్చినా కంగారు వద్దు. ఫిబ్రవరి ఆఖర్లో కొమ్మ చివర్లు కత్తిరిస్తే ఒక్కో కోత కింద రెండు మూడు చిగుళ్లు వస్తాయి, పువ్వు వచ్చేది ఆ కొత్త చిగుళ్ల కొసనే. దాని పాలు విషం, కోశాక చేతులు సబ్బుతో కడుక్కోండి, పిల్లాడిని దగ్గరకి రానివ్వకండి.

ఎచెవేరియాకి మన తీరపు ఉక్క పడదు. వానాకాలం కుళ్లకుండా కాపాడితే అదే గొప్ప. చలికాలం చివర ఎప్పుడైనా ఒక కాడ పంపితే సంతోషించండి. జేడ్ పూయాలంటే వయసు రావాలి, చలి రాత్రులు పడాలి. మా ఇంట్లో జేడ్ నా నడుము ఎత్తుంది, ఇంతవరకూ పూయలేదు, నేను అడగడం మానేశాను. కలబందకి మూడు నాలుగేళ్లు నిండి, ఎండ తగిలి, నీళ్లు పిసినారితనంగా పోస్తే శీతాకాలంలో గెలలాగా పసుప్పచ్చ పువ్వు వేస్తుంది. పిలకలు ఎప్పటికప్పుడు విడదీసెయ్యకండి, ఇరుగ్గా ఉండనివ్వండి.

150 పెట్టి కొత్తది కొనుక్కోమన్న బాబుకి ఒక మాట. మా ఆవిడ మొక్క తుపానులో దొర్లి బతికింది. దాన్ని పారేసి కొత్తది కొందామని మీరు మా ఇంటికొచ్చి చెప్పండి, టీ కూడా దొరకదు.

ఆదివారం తోటమాలి
సెప్టెంబరు 22

బాబాయ్, టీ కోసమైనా మాట వెనక్కి తీసుకుంటున్నాను.

బోటనీ మాస్టారు, బొబ్బిలి
సెప్టెంబరు 23

లైన్‌మాన్ గారు చెప్పింది అక్షరాలా నిజం. నేను క్లాసులో పాతికేళ్లు చెప్పిన పాఠాన్ని ఆయన అరుగు మీద తేల్చేశారు.

ఒక చిన్న సంగతి కలుపుతాను. మన గోడల పక్కన పెరిగే రణపాల ఈ కలాంచో కుటుంబానిదే. చలికాలంలో చిన్న చిన్న లాంతర్లు వేలాడదీసినట్టు పూస్తుంది. ఈ డిసెంబరులో నడిచి వెళ్తున్నప్పుడు చూడండి, మీ చుట్టుపక్కల అది పూసిందంటే కాలం వచ్చినట్టే. రణపాల ఆకు పొద్దున్నే నమిలితే పుల్లగా ఉంటుంది, మధ్యాహ్నానికి చప్పబడుతుంది. ఈ రకం మొక్కలు పగలు నీరు పోకుండా ఆకు రంధ్రాలు మూసుకుని, రాత్రి తెరిచి గాలి పీల్చుకుని దాన్ని పులుపుగా దాచుకుంటాయి. పగలు ఎండలో ఆ పులుపు ఖర్చవుతుంది. బెంజమిన్ హైనే అనే వృక్షశాస్త్రజ్ఞుడు ఈ రుచి మార్పుని మన దేశంలోనే గమనించి రాస్తే, 1815లో లండన్‌లో అచ్చయింది. ఆయన అంతకుముందు సామర్లకోట తోటలో పనిచేసినవాడు. ఇంత పెద్ద శాస్త్రం ఆకు నమిలితే దొరికిందని పిల్లలకి చెబితే, మర్నాడు మా కాలేజీ గోడ పక్క రణపాలకి ఆకు మిగల్లేదు.

మన ఇళ్లలో బ్రహ్మకమలం అని పెంచేది కూడా ఇలా ఒంట్లో నీరు దాచుకునే రసం మొక్కల్లోదే, మెక్సికో వైపు నుంచి వచ్చిన జెముడు. హిమాలయాల్లో పూసే అసలు బ్రహ్మకమలానికీ దీనికీ చుట్టరికం లేదు. దానికి పెట్టెలు బోర్లించకండి. అది చెట్టు నీడకి, వానకాలపు తడికి పూసే రకం, ఒక్క రాత్రి పూసి తెల్లారేసరికి తల వాల్చేస్తుంది.

రెండో అంతస్తు బాల్కనీ, విజయనగరం
సెప్టెంబరు 23

బాబాయ్ గారూ, ఫొటో చూసి బల్బు కనిపెట్టారంటే నమ్మలేకపోతున్నాను. నిజమే, అది మావారు తెచ్చిన 20 వాట్ల ట్యూబు, సరిగ్గా వాటి నెత్తి మీదే. ఈ రెండేళ్లలో నేను దానికి వెయ్యని ఎరువు లేదు, దీపం ఆర్పాలని మాత్రం తట్టలేదు.

ఒక సందేహం. దసరా వెళ్లాక వచ్చే పైడితల్లమ్మ సిరిమానోత్సవానికి మా పుట్టింటి వాళ్లంతా వస్తారు. ఆ రెండు రోజులూ బాల్కనీలో పడకలే. పెట్టెలు అడ్డమని ఎవరో ఒకరు తీసేస్తారు. రెండు రోజులు తప్పితే మొదటికొస్తుందా?

పాత లైన్‌మాన్, ఉద్దానం
సెప్టెంబరు 23

సిరిమాను వెళ్లాకే మొదలుపెట్టండి తల్లీ. ఒకటి రెండు రాత్రులు తప్పితే కొంపలేమీ మునగవు గానీ, మొదలెట్టాక తప్పించడం అలవాటైతే ఇక అంతే. ఈలోగా పొడుగు కొమ్మల చివర్లు తుంచెయ్యండి, పక్క కొమ్మలొస్తాయి, పూకాడలు పెరుగుతాయి.

రెండో అంతస్తు బాల్కనీ, విజయనగరం
డిసెంబరు 6

గసగసాలు పట్టాయి!! పొద్దున్న ఏడున్నరకి పెట్టె ఎత్తగానే గులాబీ రంగు దాంట్లో కనిపించాయి. నిజంగా గసగసాలే, ఇంకో మాట లేదు. అత్తయ్యగారు పురుగు అనుకుని వేపనూనె సీసా పట్టుకొచ్చారు, చెయ్యి పట్టుకుని ఆపాను. ఈ నెలన్నర ఆవిడే పెట్టె బోర్లించారు, నాకు ఆఫీసులో ఆలస్యమైతే ఐదున్నరకి ఫోను చేసి "మీ కోళ్లని గూట్లో పెట్టేశానమ్మా" అనేవారు.

మేడ మీద తోట
డిసెంబరు 6

ఫొటో పెట్టండి అక్కా! నా దగ్గరా రెండున్నాయి, వీధిలైటు కిందే. అరటితొక్కల నీళ్లు ఆపేశాను.

రెండో అంతస్తు బాల్కనీ, విజయనగరం
జనవరి 19

ఫొటోలు ఇవిగో. గులాబీ రంగుది కుండీ అంతా గుత్తులు గుత్తులుగా పూసింది. కనుమ నాడు నాలుగు పువ్వులు, ఇప్పుడు లెక్కపెట్టలేను. పక్కింటావిడ కొమ్మ అడిగారు, పూత అయ్యాక ఇస్తానన్నాను.

నారింజ రంగుది చూడండి, అదే అర్థం కావడం లేదు. సగం కుండీ పూసింది. గోడ వైపున్న కొమ్మలన్నీ పువ్వులే. ఇటు మేము కూర్చునే వైపున్న మూడు కొమ్మలు మాత్రం వట్టి ఆకులు, ఒక్క గసగస కూడా లేదు. ఒకే మొక్క, ఒకే మట్టి, రోజూ ఒకే టైముకి పెట్టె. ఎరువు ఏమీ వెయ్యలేదు, ఒట్టు.

పాత లైన్‌మాన్, ఉద్దానం
జనవరి 19

రెండిటికీ ఒకే రకం పెట్టెలా? నారింజ దానికి బోర్లించిన పెట్టెకి చెయ్యి పెట్టి ఎత్తుకునే కన్నం ఏమైనా ఉందా?

రెండో అంతస్తు బాల్కనీ, విజయనగరం
జనవరి 19

గులాబీ దానిది గ్యాస్ స్టవ్ పెట్టె, దానికి లేదు. నారింజ దానిది మిక్సీ పెట్టె. ఇప్పుడే వెళ్లి చూశాను. ఉందండీ. నాలుగు వేళ్లు పట్టేంత. ట్యూబులైటు వైపుకే.